మదాం నడుము ముప్పై ఒకటి

సినిమావాళ్ళకు బట్టలు కుట్టేదాన్నని తెలియగానే, కుట్టు నేర్చుకునే అమ్మాయిలు నన్ను ముందుగా ఒకటే అడుగుతారు. "హీరోయిన్లు దగ్గర్నుంచి చూస్తే ఎలా ఉంటారు ఆంటీ?"

చెమటతో ఉంటారు. దీపాల వేడికి వీపు తడిసిపోయి, జాకెట్టు చంకల దగ్గర అంటుకుపోయి, ఎవరైనా వెనక హుక్కులు విప్పితే చాలు దేవుడా అన్నట్టు ఉంటారు. ఆ హుక్కులు విప్పేది మనమే. ఈ పనిలోకి వద్దామనుకునేవాళ్ళు ముందు ఆ సంగతి తెలుసుకోవాలి.

నేను ఇరవై ఏడేళ్ళు ఈ పని చేశాను. మొదట కొన్నేళ్ళు బహ్రెయిన్‌లో, తర్వాత హైదరాబాదులో. సూది బెజ్జం రెండుగా కనిపించడం మొదలయ్యాక మానేశాను. ఎంత జీతానికి చేరాను, ఎవరి కింద ఏ హోదాలో ఉన్నాను, వీసా కాగితాల కోసం ఎన్నిసార్లు తిరిగాను, అవన్నీ వదిలేస్తున్నాను. వాటివల్ల మీకు ఒక్క కుట్టు కూడా రాదు. నాకు పని నేర్పింది ముఖ్యంగా ఒక గౌను. దాని గురించే రాస్తాను.

రిఫా నుంచి మనామాకి

మాది పాలకొల్లు పక్కన. తొంభైల మొదట్లో ఇంటిపనికని బహ్రెయిన్ వెళ్ళాను. రిఫాలో ఒక బొంబాయి కుటుంబం. వంటా, ఇల్లు తుడవడం, ఇద్దరు పిల్లలు. ఒకరోజు ఇంటావిడ పార్టీకి వెళ్తూ జాకెట్టు చేతి దగ్గర చింపుకుంది. కారు బయట హారన్ కొడుతోంది. నేను అక్కడికక్కడే కుట్టిచ్చాను. ఆవిడ అద్దంలో ముందుకీ వెనక్కీ తిరిగి చూసుకుని, "ఎక్కడ చిరిగింది?" అంది.

ఆర్నెల్ల తర్వాత ఆవిడే తనకు తెలిసిన టైలరింగ్ కొట్టుకి నన్ను మార్పించింది. మంచి వంటమనిషిని పోగొట్టుకున్నానని ఇప్పటికీ అంటుందట. నా వంట తిన్న మా ఆయన మాత్రం ఆ మాట నమ్మడు.

కొట్టు మనామా బజారులో, ఒక సందు చివర. దాన్ని నడిపే కట్టింగ్ మాస్టర్ది లక్నో. అందరూ ఉస్తాద్ అనేవాళ్ళు. గడ్డానికి గోరింటాకు పెట్టేవాడు, మెళ్ళో టేపు నిద్రలో కూడా తీసేవాడు కాదనుకుంటాను. గుడ్డ మీద చాక్‌తో గీత గీస్తే మళ్ళీ చెరిపేవాడు కాదు. అంత గొప్ప చెయ్యి తర్వాత నేనెక్కడా చూడలేదు. అలాగే, జరిగిన తప్పు తనదని ఒప్పుకున్న రోజు కూడా చూడలేదు. గీత వంకరపోతే గుడ్డది తప్పు, కొలత తప్పితే మనిషిది తప్పు. ఇలాంటి మాస్టర్లు మీకూ తగుల్తారు. చెయ్యి చూసి నేర్చుకోండి, నోరు చూసి నేర్చుకోకండి. నేను రెండూ నేర్చుకున్నాను, అందుకే దెబ్బ తిన్నాను.

కొట్టుకొచ్చే ఆడవాళ్ళకు కొలతలు తీయడం నా పని. ఉస్తాద్ మొదటిరోజే చెప్పాడు. "బేటీ, ముహ్ సే కమ్, కాపీ మే సచ్." నోటితో తక్కువ చెప్పు, పుస్తకంలో నిజం రాయి. నడుము ముప్పై ఆరు ఉంటే పైకి ముప్పై నాలుగు అనాలి, ముప్పై ఆరు రాసుకోవాలి. వచ్చినావిడ మొహం వెలిగిపోతుంది, గౌనూ సరిపోతుంది. నిజంగానే బాగా పనిచేసింది. మా కొట్లో కొలతలిచ్చుకుంటే సన్నబడతామని పేరు కూడా వచ్చింది.

మీనా సల్మాన్ గోడౌన్‌లో

అలా నాలుగేళ్ళు గడిచాక ఒక ఫ్రెంచి సినిమా యూనిట్ వచ్చింది. ముత్యాల వ్యాపారం రోజుల కథ. పెళ్ళికూతురుగా వచ్చి బహ్రెయిన్‌లో కాపురం చేసిన ఒక ఫ్రెంచావిడ, ముసలితనంలో మళ్ళీ ఇక్కడికి వస్తుంది. ఆ వేషం వేసే నటి నలభై అయిదేళ్ళుగా సినిమాల్లో ఉందట. పేరు రాయను. మేమందరం మదాం అనేవాళ్ళం.

మీనా సల్మాన్ రేవు దగ్గర ఒక గోడౌన్ అద్దెకు తీసుకుని, ఒక మూల చెక్కపని, ఒక మూల బట్టలు పెట్టారు. ఆడవాళ్ళకు కొలతలు తీయడానికి ఆడమనిషి కావాలంటే ఉస్తాద్ నన్ను పంపాడు. బట్టలన్నిటికీ పెద్ద ప్యాట్ అనే ఇంగ్లీషావిడ. మెళ్ళో కళ్ళజోడు, చేతిలో ఒక లావుపాటి పుస్తకం. నా పేరు అడగలేదు. నెల రోజులూ "టైలర్" అనే పిలిచింది. చెక్కపని చేసే రాజన్నది జగిత్యాల వైపు. మొదటిరోజే నా గోదావరి యాస విని రంపం ఆపేశాడు.

"అక్కా, మీది ఆంధ్రనా? దుబాయికొచ్చి ఎనిమిదేండ్లాయె, గింత గట్టిగ తెలుగు మాట్లాడేటోళ్ళు దొరకలే" అన్నాడు. గల్ఫ్‌లో ఏ దేశమైనా వాళ్ళవైపు దుబాయే.

"గట్టిగా ఏంటండీ, మేం మామూలుగానే మాట్లాడతాం" అన్నాను.

"గదే అంటున్న" అన్నాడు.

రెండోరోజు మదాం వచ్చింది. అరవై నాలుగేళ్ళు. తెల్లజుట్టు పొట్టిగా కత్తిరించుకుంది, పెదాలకు ఎర్రరంగు. ఎత్తు మడమల చెప్పులు చేత్తో పట్టుకుని వట్టి కాళ్ళతో సిమెంటు నేల మీద నడిచొచ్చింది. టేపు నడుముకు చుట్టాను. ముప్పై ఒకటి. అంత గొప్పావిడ! నాలుగేళ్ళ అలవాటు నోట్లోంచి దూకేసింది.

"ట్వంటీ నైన్, మదాం."

మదాం కనుబొమలు పైకి లేచాయి. పక్కన ప్యాట్ పుస్తకంలో ఇరవై తొమ్మిది అని రాసేసింది. అప్పుడు నాకు తట్టింది: కొట్లో నోరూ నాదే, పుస్తకమూ నాదే. ఇక్కడ పుస్తకం ఇంకొకరి చేతిలో ఉంది. తర్వాత సరిచేయిద్దాంలే అనుకున్నాను. ఆ రోజు నేను కొలవాల్సిన ఆడవాళ్ళు ఇంకా ముప్పైమందికి పైగా ఉన్నారు. సాయంత్రానికి ఆ ముప్పై ఒకటి నా బుర్రలోంచి ఎగిరిపోయింది.

గౌను లోపలి కుట్లు

సినిమాలో ఒక ముఖ్యమైన చోట ఆ ముసలావిడ తన పెళ్ళినాటి పట్టుగౌను వేసుకుని సముద్రంలోకి నడుస్తుంది. ఆ గౌను మదాం సొంతం. పందొమ్మిదేళ్ళప్పుడు తన రెండో సినిమాలో వేసుకున్నదట. మీగడ రంగు పట్టు, నడుము దాకా బిగుతుగా, కింద విశాలంగా. దాన్ని మదాం ఇప్పటి ఒంటికి సరిచేయాలి.

నేను లైనింగ్ విప్పుతుంటే మదాం వచ్చి నా పక్కన చెక్కపెట్టె మీద కూర్చుంది. ఆవిడ ఇంగ్లీషూ విరిగినదే, నాదీ విరిగినదే. అందుకని బాగానే అర్థమయ్యేది.

గౌను లోపల పక్క కుట్ల దగ్గర వరసలు వరసలుగా పాత సూది రంధ్రాలు కనిపించాయి. ఎన్నోసార్లు విప్పి కుట్టిన గౌను. ఒకచోట తెల్లదారం, ఒకచోట నల్లది, ఒకచోట చేతికుట్టు.

"ఇదెప్పుడు మదాం?" అని నల్లదారం చూపించాను.

"విధవ వేషం. గౌనుకు నల్లరంగు వేద్దామన్నారు. నేను ఏడ్చాను. చివరికి పైన నల్ల కోటు తొడిగి సరిపెట్టారు" అంది.

"మరి ఈ చేతికుట్టు?"

"అది మా అక్క కుట్టింది. ముప్పై ఎనిమిదేళ్ళకు నాకు వేషాలు ఆగిపోయాయి. ఆరేళ్ళు ఎవరూ పిలవలేదు. మా అక్క బేకరీలో రొట్టెలు అమ్మాను. రొట్టెలు కొనడానికొచ్చి, నన్ను గుర్తుపట్టి, చిల్లర తీసుకోకుండా వెళ్ళిపోయేవాళ్ళు. అది అన్నిటికన్నా కష్టం." నవ్వింది. "తర్వాత ఒకాయన హీరో తల్లి వేషానికి పిలిచాడు. ఆ హీరో నాకన్నా నాలుగేళ్ళు చిన్న. వెళ్ళాను. ఆ గౌనే పట్టుకెళ్ళాను."

తల్లి వేషం, జడ్జి వేషం, దయ్యం వేషం. నాటకాల్లో రాణి. తాగుబోతు పాత్ర కోసం కావాలని లావెక్కినప్పుడు గౌను చివరిసారి వదులు చేశారట, ఎనిమిదేళ్ళ కింద. సినిమాల్లో ఎన్నిసార్లు చచ్చిపోయిందో లెక్క మర్చిపోయానంది. "చావడం తేలిక. చచ్చాక కదలకుండా పడుకోవడమే కష్టం. ముక్కు దురద పెడుతుంది."

"ఇప్పుడీ సినిమాలో ఏ వేషం మదాం?" అన్నాను, తెలిసీ.

"ప్రేమించే మనిషి వేషం" అంది. "పాతికేళ్ళ తర్వాత మళ్ళీ ఇచ్చారు."

నా తప్పు

గౌను అప్పటికి నడుము దగ్గర ముప్పై రెండుంది. ప్యాట్ పుస్తకంలో ఇరవై తొమ్మిది. మూడంగుళాలు తగ్గించాలి. ఎవరికైనా అనుమానం రావాలి. తాగుబోతు వేషం తర్వాత చిక్కిపోయుంటుందిలే అనుకున్నాను.

మూడంగుళాలు లోపలికి నొక్కేసరికి పక్క కుట్టు దగ్గర గుడ్డ లావుగా మడతపడి పైకి ఉబ్బింది. ప్యాట్ చూసి పెదవి విరిచింది. సరే, శుభ్రంగా కనిపించాలని ఆ మిగులు గుడ్డ కత్తిరించేశాను. నలభై అయిదేళ్ళుగా ఆ గౌను పట్టుకున్న ప్రతి మనిషీ తర్వాత వచ్చేవాళ్ళ కోసం లోపల వదిలిపెట్టిన గుడ్డ అది. నా కత్తెరకు రెండు నిమిషాలు పట్టింది. ముక్కలు చెక్కపొట్టుతో కలిసి చెత్తలోకి పోయాయి.

షూటింగు ముందురోజు ట్రయల్ వేయాలి. ఎండదెబ్బకు మదాం పడుకుంది. "రేపు పొద్దున లేపి వేద్దామా?" అని ప్యాట్ అడిగితే, "అక్కర్లేదు, కొలతలున్నాయిగా" అన్నది నేనే. ఈ వృత్తిలో నేనన్న మాటలన్నిట్లోకీ చెత్తమాట అదే.

ముహర్రక్‌లో మధ్యాహ్నం

షూటింగు మనామా పక్కనే, ముహర్రక్‌లో సముద్రం ఒడ్డున ఒక పాత ఇంట్లో. పోటు వచ్చినప్పుడు నీళ్ళు ఇంటి మెట్లదాకా వస్తాయి. సరిగ్గా ఆ వేళకే తీయాలని డైరెక్టరు ఎన్నాళ్ళుగానో చూస్తున్నాడు. కెమెరా పెట్టేశారు. నీళ్ళు వస్తున్నాయి.

లోపల గదిలో మదాంకు గౌను తొడిగాను. వెనక హుక్కులు పెట్టబోతే మధ్యలో రెండంగుళాల వీపు కనిపిస్తోంది. లాగాను. రాలేదు.

డైరెక్టరు లోపలికొచ్చాడు. ముప్పై ఏళ్ళ కుర్రాడు, ఎండకు ముక్కు తోలు ఊడిపోయి ఉంది. చూసి, ప్యాట్ మీద విరుచుకుపడ్డాడు. ప్యాట్ పుస్తకం తెరిచి, "ఇదిగో, ట్వంటీ నైన్, ఇక్కడ రాసి ఉంది" అంటోంది. ఆవిడ చేతిరాతే. అది సాక్ష్యంగా ఆవిడకే ఎదురు తిరిగింది. రేపటి విమానానికి వెళ్ళిపొమ్మన్నాడు.

నేను నోరు మూసుకుని నిలబడ్డాను. దాచడం దేనికి, రాసేస్తున్నాను: నాకు కాస్త హాయిగా కూడా అనిపించింది. నెల రోజులుగా నన్ను టైలర్, టైలర్ అని పిలిచిన మనిషి. నా వీసా ఉస్తాద్ కొట్టు మీద ఉంది. తప్పు నాదని తెలిస్తే ఉస్తాద్ ఇంటికి పంపేస్తాడు. చేతిరాత ప్యాట్‌ది. నేను మాట్లాడకపోతే చాలు.

మదాం చేయెత్తి అందర్నీ ఆపింది. "అరవకండి. ఊపిరి బిగబడతాను, హుక్కులు పెట్టండి."

పొట్ట లోపలికి లాక్కుంది. నేనూ ప్యాటూ చెరో వైపు లాగి హుక్కులు పెట్టాం. మదాం మొహం ఎర్రబడింది, మెడ మీద నరం తేలింది. ఒకడుగు వేసింది, రెండు వేసింది. కర్ర నడిచినట్టుంది.

"నేను ముప్పై ఏళ్ళు ఊపిరి బిగబట్టే నటించాను" అంది, మాట సగమే పైకి వస్తూ. "ఇంకో పది నిమిషాలకేం."

బేకరీ రొట్టెల మాట గుర్తొచ్చింది నాకు. ప్రేమించే మనిషి వేషం పాతికేళ్ళ తర్వాత ఇచ్చారన్న మాటా గుర్తొచ్చింది. ఇక ఉండలేకపోయాను.

"మదాం, ప్యాట్ తప్పు కాదు. ఇరవై తొమ్మిది అన్నది నేను. మీ నడుము ముప్పై ఒకటి."

ప్యాట్ కళ్ళజోడు తీసి నావైపు చూసింది.

"ఎందుకలా చెప్పావు?" అంది మదాం.

"మీరు సంతోషిస్తారని."

మదాం నన్ను చూసింది, డైరెక్టర్ని చూసింది, పకపకా నవ్వేసింది. ఆ నవ్వుకి రెండు హుక్కులు పట్‌మని తెగి, ఒకటి డైరెక్టరు చొక్కాకి తగిలింది.

"అమ్మాయీ, ఈ నడుముతో అరవై నాలుగేళ్ళు కాపురం చేశాను. దాని కొలత నాకు తెలీదా? నువ్వు చెప్పినప్పుడే అబద్ధమని తెలుసు. నాకూ నచ్చింది, ఊరుకున్నాను." డైరెక్టరు వైపు తిరిగి ఫ్రెంచిలో ఏదో అంది. అతను నెత్తిన చేతులు పెట్టుకుని బయటికి పోయాడు. "ఎంతసేపట్లో బాగుచేస్తావు?" అని నన్నడిగింది.

"గంటన్నర."

"సముద్రం ఆగుతుందా?"

గుమ్మం దగ్గర నిలబడ్డ రాజన్న అప్పటికే ఆ ఇంటి కాపలాదారుని అడిగొచ్చాడు. "రెండు గంటలు ఉంటయట అక్కా నీళ్ళు. ఆ తర్వాత అంత బురదనే. జల్ది కానియ్."

టీ నీళ్ళు

కత్తిరించిన గుడ్డ చెత్తలో పోయింది. అంత పాత పట్టు బహ్రెయిన్ బజారంతా వెదికినా దొరకదు. గౌను తిరగేశాను. కింద అంచు దగ్గర లోపలికి నాలుగంగుళాల మడత ఉంది. పాతకాలం కుట్టు, అందుకే అంత వదిలారు. ఆ మడత కోసి, రెండు ముక్కలు చేసి, చంక నుంచి తుంటిదాకా పక్కల్లో వేయొచ్చు. నిలువు పోగు గుడ్డకు అడ్డ పోగు ముక్క వేయడం ఏ మాస్టరూ ఒప్పుకోడు. ఒప్పించడానికి అక్కడ మాస్టరెవరూ లేరు.

కోసి పక్కన పెట్టి చూశాను. ఇన్నేళ్ళూ మడతలో దాక్కున్న గుడ్డ పాలలా తెల్లగా ఉంది. గౌను మాత్రం మీగడ రంగుకు తిరిగింది. అలాగే కుడితే రెండు పక్కలా రెండు తెల్లచారలు.

"ఇప్పుడెట్ల అక్కా?" అన్నాడు రాజన్న.

"మీ ఫ్లాస్కులో ఏముందండీ?"

"సులేమానీ. పాలు లేని చాయ్."

"ఇలా ఇవ్వండి."

ముందు చిన్న పీలిక ముంచాను. బిస్కెట్టు రంగొచ్చింది. మూడింతలు నీళ్ళు కలిపి ఇంకో పీలిక ముంచాను. మీగడ. రెండు ముక్కలూ అందులో ముంచి, పిండకుండా తువ్వాల్లో ఒత్తి, ఇస్త్రీ కింద ఆరబెట్టాను. రాజన్న తన చాయ్ పోయినందుకు దిగులుగా చూశాడు.

మిషన్ దగ్గరికి వెళ్ళేసరికి ప్యాట్ అప్పటికే కూర్చుని దారం ఎక్కిస్తోంది. నావైపు చూడలేదు. చేయి చాచింది. నేను ముక్క అందించాను. నేను కచ్చాకుట్టు వేస్తుంటే ఆవిడ మిషన్ మీద లాగించేసింది. ఎంత తిన్నని కుట్టు! ఆ మనిషికి పని ఇంత బాగా వచ్చని నెల రోజుల్లో నేను చూడనే లేదు. ఆవిడ నా పేరు అడగలేదని ఉడుక్కున్నానే తప్ప, నేను మాత్రం ఆవిడ చేతిని ఎప్పుడు చూశాను?

హుక్కులు కొత్తవి కుట్టి, తొడిగి చూశాం. ఈసారి ట్రయల్ వేశాం. మదాం చేతులు పైకెత్తింది, వంగింది, గట్టిగా గాలి పీల్చింది. సరిపోయింది.

నీళ్ళు వెనక్కి మళ్ళకముందే ఆవిడ మెట్లు దిగింది.

ఆ తర్వాత

కష్టాలు అక్కడితో తీరలేదు. సంగతంతా నేనే ఉస్తాద్‌కు చెప్పాను, వేరేవాళ్ళు చెప్పేకన్నా మేలని. "కొట్టు పరువు తీశావు" అన్నాడు. నీ పాఠమే కదా ఉస్తాద్ అన్నాను. పాఠం సరైనదే, నేర్చుకున్న మనిషిది తప్పు అన్నాడు! ఇంటికి పంపలేదు కానీ అయిదు నెలలు నన్ను గుండీల కాజాలు కుట్టడానికి కూర్చోబెట్టాడు. ఆ శిక్ష న్యాయమైనదే అని ఇప్పటికీ అంటాను. కాజా కుట్టడంలో నన్ను మించినవాళ్ళు లేకపోవడానికి అదే కారణం.

ప్యాట్ రెండురోజులు మాట్లాడలేదు. యూనిట్ వెళ్ళిపోయే ముందు నా దగ్గరికొచ్చి, "నువ్వు ముందే చెప్పుండాల్సింది. ఆలస్యంగానైనా చెప్పావు" అంది. దాన్ని మెచ్చుకోలు అనలేం, తిట్టూ అనలేం. ఉన్నమాట. అప్పుడు, "నీ పేరేంటి?" అని అడిగింది. సత్యవతి అని చెప్పాను. దాని అర్థమేంటని ఆవిడ అడగలేదు, బతికిపోయాను.

ఇప్పుడు కొలతలు తీసే అమ్మాయిలకు నేను చెప్పేది ఇంతే. కొలత తీశాక ఉన్నది పైకి చెప్పండి. ఒప్పుకోలేని మనిషికి మెల్లగా చెప్పండి, కానీ అంకె మార్చకండి. లోపలి గుడ్డ కత్తిరించకండి, మీ తర్వాత ఎవరో ఒకరు ఆ బట్ట విప్పుతారు. ట్రయల్ మానకండి. మిగతావన్నీ మీరే తప్పులు చేసి నేర్చుకోండి, నేనెందుకు అడ్డం.

చాలా ఏళ్ళ తర్వాత, మేం హైదరాబాదులో ఉన్నప్పుడు, ఒక ఆదివారం మధ్యాహ్నం టీవీలో ఆ సినిమా వచ్చింది. ఏదో విదేశీ చానెల్. నేను కేక పెడితే మా ఆయన భోజనం కంచంతో సహా వచ్చి కూర్చున్నాడు. సముద్రం సీను వచ్చింది. ఎక్కడో మిద్దె మీంచి తీశారు. ఇంత పెద్ద సముద్రం, అందులో వేలెడంత మనిషి. నడుము లేదు, పక్క ముక్కలు లేవు, హుక్కులు లేవు, టీ రంగు లేదు. మేమంతా చచ్చీచెడీ కుట్టిన గౌను ఒక మీగడ రంగు చుక్క.

"ఏదీ, నువ్వు కుట్టింది?" అన్నాడు మా ఆయన.

"అదిగో, ఆ చుక్క."

ఆయన ముద్ద నోట్లో పెట్టుకోకుండా చూస్తూ ఉండిపోయాడు. మదాం నీళ్ళలోకి వెళ్తోంది. చేతులు వదిలేసి, తల కొంచెం పైకెత్తి, ఎవరో పిలిస్తే వెళ్తున్నట్టు తేలిగ్గా వెళ్తోంది.

"అరవై దాటిందన్నావు. నడక భలే ఉందే ఆవిడది" అన్నాడు.

"ఊపిరి ఆడుతోంది మరి" అన్నాను.